నూసా పెనీడాకు ఐదుగురం: ప్రైవేటు కారు దుబారానా?

ప్రశ్న: మేము హనుమకొండలో ఉంటాం. నేనూ మా వారూ ఉద్యోగులం. ఇద్దరి జీతాలూ కలిపి నెలకు 1,35,000 చేతికి వస్తుంది. ఇంటి రుణం వాయిదా 38,000, మ్యూచువల్ ఫండ్లలో నెలనెలా పెట్టే సిప్ 15,000. అత్యవసరాల కోసం 2 లక్షల ఫిక్స్‌డ్ డిపాజిట్ ఉంది. వచ్చే జులైలో మా అమ్మానాన్నలనూ, ఎనిమిదేళ్ల బాబునూ తీసుకుని వారం రోజులు బాలి వెళ్లాలనుకుంటున్నాం. నాన్నగారు ఇంతవరకు విమానం ఎక్కలేదు. ఈ యాత్ర కోసమే కడుతున్న రికరింగ్ డిపాజిట్ (ఆర్‌డీ)లో 3,20,000 జమైంది, నెలకు 8,000 కడుతున్నాం. ఏజెంటు చెప్పిన మొత్తం 3,80,000. అందులో నూసా పెనీడా దీవికి ఒక రోజు ప్రైవేటు టూరు ఉంది. పడవ, కారు, గైడు, భోజనం అన్నీ కలిపి 32,000. అందరితో కలిసి వెళ్లే టూరైతే మనిషికి 4,200 అట. ఒక్క రోజుకు 32 వేలు దుబారా అని మా వారి అభిప్రాయం. నాన్నగారికి 67 ఏళ్లు, షుగరు ఉంది. అమ్మకు మోకాళ్ల నొప్పులు. ఆ దీవిలోనే ఒక డ్రైవరును ఫోనులో అడిగితే రోజంతా కారుకు 7,50,000 రుపియాలు (ఇండోనేషియా డబ్బు) అన్నాడు. పడవకు రానుపోను పెద్దవాళ్లకు 3,50,000, బాబుకు 3,00,000 రుపియాలు అని తెలిసింది. తక్కువ పడుతున్న 60,000 కోసం నాలుగు నెలలు సిప్ ఆపాలా, వడ్డీ లేని వాయిదాలంటూ ఏజెంటు ఇప్పిస్తానంటున్న నో కాస్ట్ ఈఎంఐ తీసుకోవాలా? బిల్లులో టీసీఎస్ అని వేశారు. అది ఏజెంటు కమిషనా?

సమాధానం: ప్రైవేటు కారులోనే వెళ్లండి. అయితే ఏజెంటుకు 32,000 కట్టవద్దు. సిప్ ఆపవద్దు. ఈఎంఐ జోలికి వెళ్లవద్దు. ఈ నాలుగూ ఒకేసారి సాధ్యమే. ఎలాగో చెబుతాను.

ముందు ఆ దీవి సంగతి, ఎందుకంటే ఖర్చు అక్కడి నేలను బట్టి ఉంటుంది. నూసా పెనీడా బాలికి ఆగ్నేయంగా, బాదుంగ్ జలసంధికి అవతల ఉంది. సనూర్ రేవు నుంచి వేగపు పడవలో ముప్పావుగంట లోపు ప్రయాణం. దీవి అంతా సున్నపురాయి కొండలు, రోడ్లు ఇరుకు, చాలాచోట్ల ఎగుడుదిగుడు. మ్యాపులో పది కిలోమీటర్లు కనిపించినా కారులో చాలా సేపు పడుతుంది. ఫొటోలలో అందరూ చూసే కెలింగ్‌కింగ్ కొండకొన, బ్రోకెన్ బీచ్, ఏంజెల్స్ బిల్లబాంగ్, క్రిస్టల్ బే ఇవన్నీ పడమటి వైపున ఉన్నాయి. డైమండ్ బీచ్, అతూ బీచ్ తూర్పు కొసన ఉన్నాయి. రెండు వైపులూ ఒకే రోజు చూపిస్తామనే టూర్లు ఉన్నాయి. మీ అమ్మగారితో అటువంటిది వద్దు. రోజులో సగం కారు సీటులోనే గడిచిపోతుంది.

మీ వారు దుబారా అంటున్న ఆ ప్రైవేటు కారు విలువ ఇక్కడే తెలుస్తుంది. అందరితో వెళ్లే టూరులో ఒక్కోచోట ఇంతసేపు అని ముందే నిర్ణయించి ఉంటుంది. కెలింగ్‌కింగ్ దగ్గర కుర్రవాళ్లు కింది ఇసుక వరకు దిగి వస్తామంటారు. నిట్టనిలువు దారి, వెదురు కర్రల ఆసరా, దిగినంత కష్టమూ మళ్లీ ఎక్కాలి. వాళ్లు వచ్చేవరకు మీ అమ్మానాన్నలు ఎండలో నిలబడి ఉండాలి. సొంతంగా మాట్లాడుకున్న కారైతే పై నుంచి చూసి, కొబ్బరిబోండాం తాగి, నాన్నగారు మందు వేసుకునే వేళకు భోజనానికి చేరుకోవచ్చు. అక్కడ కొండ పక్కన 182 మీటర్ల గాజు లిఫ్టు కడుతున్నారన్న వార్త మీరు చదివి ఉంటే దాన్ని లెక్కలోకి తీసుకోకండి. 2025 నవంబరులో బాలి గవర్నరు వాయన్ కోస్టర్ ఆ పని ఆపి, కట్టినది తొలగించమని ఆదేశించారు. కిందికి దిగడం మీ ప్రణాళికలో లేకపోవడమే మంచిది. ఆ దృశ్యం గొప్పతనమంతా పై నుంచే కనిపిస్తుంది.

ఇక లెక్క. రూపాయికి 185 రుపియాలు చొప్పున వేస్తున్నాను. మీరు వెళ్లేనాటికి కొంచెం అటూఇటూ కావచ్చు. నలుగురు పెద్దలకు పడవ 14,00,000, బాబుకు 3,00,000, దీవిలో కారు 7,50,000. మొత్తం 24,50,000 రుపియాలు, అంటే దాదాపు 13,200 రూపాయలు. మీ హోటలు నుంచి సనూర్‌కు వెళ్లి రావడానికి కారుకు 6,00,000, భోజనానికీ ప్రవేశ రుసుములకూ ఇంకో 5,00,000 ఉంచుదాం. అంతా కలిపి 35,50,000 రుపియాలు. మన డబ్బులో 19,200.

ఈ అంకెను మీ వారికి చూపించండి. అందరితో కలిసి వెళ్లే టూరుకు మీ ఐదుగురికీ అయ్యేది 21,000. విడివిడిగా మాట్లాడుకున్న ప్రైవేటు కారు అంతకన్నా తక్కువే! కారు అద్దె మనిషికి ఇంత అని ఉండదు, కారుకు ఇంత అని ఉంటుంది. వరంగల్ స్టేషను దగ్గర ఐదుగురు దిగి షేర్ ఆటోలో మనిషికింత ఇవ్వడమా, ఆటో మొత్తం మాట్లాడుకోవడమా అన్నదే ఇదీ. ఇద్దరే వెళ్తుంటే నేను మీ వారి పక్షమే వహించేవాణ్ని.

మరి ఏజెంటు 32,000లో మిగతా 12,800 ఎందుకు? కొంత గైడుకు, కొంత ఫోన్లు చేసి కుదిర్చినందుకు. పెనీడాలో మీ డ్రైవరే ఎక్కడ ఆగాలో, ఎక్కడి నుంచి ఫొటో బాగుంటుందో చెబుతాడు. అదనంగా ఇంకో మనిషి కారులో కూర్చుంటే మీకే ఇరుకు. స్థల చరిత్ర, గుడుల పద్ధతులు తెలుసుకోవాలని మీకు నిజంగా కోరిక ఉంటే గైడు ఖర్చు బాలి ప్రధాన దీవిలో, ఉబుద్ ప్రాంతంలో పెట్టండి. అక్కడ దానికి తగిన ఫలితం ఉంటుంది.

అయితే విడివిడిగా మాట్లాడుకోవడంలో ఒక చిక్కు ఉంది. జులై, ఆగస్టు నెలల్లో ఆ జలసంధిలో అలలు పెద్దవిగా ఉంటాయి, ప్రవాహాలూ బలంగా ఉంటాయి. కొన్ని రోజులు పడవలు ఆపేస్తారు. అందువల్ల మూడు పనులు చేయండి. పడవ రద్దయితే డబ్బు వెనక్కి ఇస్తారా, వేరే రోజుకు మారుస్తారా అని టికెట్ కొనకముందే రాతపూర్వకంగా అడిగి తీసుకోండి. కారు డ్రైవరుకు ముందుగా పెద్ద మొత్తం ఇవ్వకండి, మిగతాది దీవిలో దిగాక ఇవ్వండి. అన్నిటికన్నా ముఖ్యం, పెనీడాను యాత్ర మొదటి సగంలో పెట్టుకోండి. ఒక రోజు వాయిదా పడినా మళ్లీ వెళ్లే వీలుంటుంది. తిరుగు విమానానికి ముందు రోజు మాత్రం వద్దు. వెళ్లేది ఉదయపు పడవలో వెళ్లండి. చివరి తిరుగు పడవలు సాయంత్రం ఐదు ప్రాంతానికే అయిపోతాయి. ఒకప్పుడు సనూర్‌లో మోకాలి లోతు నీటిలో నడిచి పడవ ఎక్కవలసి వచ్చేది. 2022లో కొత్త రేవు వచ్చాక మీ అమ్మగారి వంటివారికి ఆ బాధ తప్పింది.

ఇప్పుడు 60,000 లోటు. మీ లెక్కలో రెండు విషయాలు జారిపోయాయి, ఒకటి మీకు అనుకూలంగా, ఒకటి ప్రతికూలంగా. ఆర్‌డీలో ఇప్పటివరకు జమైనదే చూశారు. జులై లోపు ఇంకా నాలుగు కిస్తులున్నాయి, అవి 32,000. ప్రతికూలమైనది: మీరు పంపిన ప్యాకేజీ కాగితంలో వీసా లేదు, బాలి పర్యాటక రుసుమూ లేదు. అక్కడ దిగాక తీసుకునే ఇండోనేషియా వీసా ఆన్ అరైవల్‌కు మనిషికి 5,00,000 రుపియాలు. 2024 ఫిబ్రవరి నుంచి బాలికి వచ్చే ప్రతి విదేశీయుడూ 1,50,000 రుపియాలు విడిగా కట్టాలి. పిల్లలకు మినహాయింపు లేదు. ఐదుగురికి 32,50,000 రుపియాలు, అంటే 17,500 రూపాయల పైమాటే. కాబట్టి మీ అసలు లోటు 77,500.

ఆర్‌డీ కిస్తులు 32,000 పూడ్చాయి. పెనీడాలో 12,800 మిగిలింది. మీ కాగితంలో రెండు రాత్రులకు ఈతకొలనుతో విల్లా అని 46,000 ఉంది. అదే ఊళ్లో కుటుంబానికి సరిపడే రెండు గదులు అదే ఏజెంటు ఇచ్చిన జాబితాలో 18,000కు ఉన్నాయి. నా సలహా ఇక్కడ గట్టిది: విల్లా మానుకోండి. పగలంతా బయట తిరిగి రాత్రి వచ్చి పడుకునే చోటికి 28,000 అదనం. అమ్మగారి మోకాళ్లకు అవసరమైన కారును దుబారా అంటూ ఈ విల్లాను మాత్రం ప్రశ్నించకపోవడం నాకు న్యాయంగా అనిపించలేదు. దీనితో 72,800 సర్దుకుంది. మిగిలిన 4,700 జూన్ జీతంలోంచి తీయగలరు.

సిప్ ఎందుకు ఆపవద్దన్నానో చెప్పాలి. నాలుగు నెలలు ఆపితే ఆకాశం విరిగిపడదు. కానీ ఆ 60,000 పదిహేనేళ్లు అలాగే ఉండి ఏడాదికి 10 శాతం చొప్పున పెరిగిందనుకుంటే రెండున్నర లక్షలవుతుంది. ఆ రాబడికి హామీ లేదు, అది వేరే మాట. అంతకన్నా నన్ను కలవరపెట్టేది ఇంకొకటి. యాత్ర నుంచి వచ్చాక బడి ఫీజులు, ఆ తరువాత దసరా. ఆపిన సిప్ మళ్లీ మొదలుపెట్టడం వాయిదా పడుతూనే ఉంటుంది.

నో కాస్ట్ ఈఎంఐలో వడ్డీ లేదని కాదు. ఆ వడ్డీకి సమానమైన మొత్తాన్ని ధరలో తగ్గించినట్టు చూపిస్తారు. బ్యాంకు మాత్రం వడ్డీపై 18 శాతం జీఎస్టీ వేస్తుంది, చాలాసార్లు ప్రాసెసింగ్ రుసుమూ ఉంటుంది. అందువల్ల ఏజెంటును ఇలా అడగండి: మొత్తం ఒకేసారి కడితే ఎంత తగ్గిస్తారు? ఆ తగ్గింపే మీరు వదులుకుంటున్న అసలు వడ్డీ. పైగా మీ ఇంటి వాయిదా ఇప్పటికే ఆదాయంలో 28 శాతం. అయిపోయిన యాత్రకు వచ్చే ఏడాది జూన్ దాకా కడుతూ ఉండటం మీకు వద్దు.

అత్యవసర నిధి 2 లక్షలు ముట్టుకోవాలన్న ఆలోచన మీ ఉత్తరంలో లేదు, సంతోషం. అది మీ ఇంటి వాయిదాలకే ఐదు నెలలు వస్తుంది, ఇంటి ఖర్చు కలిపితే ఇంకా తక్కువ. తిరిగి వచ్చాక అదే ఆర్‌డీ 8,000ను ఆపకుండా ఈ నిధిలోకి మళ్లించండి.

టీసీఎస్ ఏజెంటు కమిషన్ కాదు. విదేశీ విహారయాత్ర ప్యాకేజీ అమ్మినప్పుడు ఆయన మీ పాన్ మీద ప్రభుత్వానికి వసూలు చేసి కట్టే పన్ను అది. మీ ఆదాయపన్ను ఖాతాలో కనిపిస్తుంది, రిటర్ను వేసేటప్పుడు మీ పన్నులో సర్దుకోవచ్చు, ఎక్కువైతే వెనక్కి వస్తుంది. కాబట్టి రిటర్ను వేసే మనిషి పాన్ ఇవ్వండి, నాన్నగారిది ఇవ్వకండి. 2024 అక్టోబరు నుంచి ఉద్యోగులు ఈ వివరం ఆఫీసులో ఇస్తే జీతంలో కోసే పన్ను (టీడీఎస్) ఆ మేరకు తగ్గించే వీలూ ఉంది. విమాన టికెట్ ఒక్కటే కొన్నా, హోటలు ఒక్కటే కొన్నా అది ప్యాకేజీ కిందికి రాదు. బాలిలో మీరు డ్రైవరుకు నేరుగా ఇచ్చే డబ్బుకూ దీనితో సంబంధం లేదు.

అక్కడ కార్డు గీసేటప్పుడు యంత్రం రూపాయల్లోనా, రుపియాల్లోనా అని అడిగితే రుపియాలనే ఎంచుకోండి. రూపాయలు అంటే మారకపు రేటు వాళ్ల ఇష్టం. పెనీడా రోజుకు మాత్రం నగదు దగ్గర ఉంచుకోండి.

మీ ప్యాకేజీ కాగితంలో ప్రయాణ బీమా ఉంది. పాలసీ కాగితం తెప్పించుకుని నాన్నగారి షుగరు అందులో నమోదై ఉందో లేదో స్వయంగా చూడండి. ఏజెంట్లు ఫారం నింపే తొందరలో ఆ గడిలో లేదు అని రాసేస్తుంటారు. అలా ఉంటే క్లెయిమ్ తిరస్కరించడానికి అదొక్కటి చాలు. పెనీడాలో ఆసుపత్రి ఉంది కానీ పెద్ద చికిత్సకు రోగిని పడవలో బాలి వైపు తేవాలి. అత్యవసర తరలింపు ఖర్చు పాలసీలో ఉందా అన్నది రెండో ప్రశ్న. మీ వారు స్నార్కెలింగ్ (గొట్టంతో ఊపిరి తీస్తూ నీటి అడుగు చూసే ఈత) చేయాలనుకుంటే సాహస క్రీడల మినహాయింపుల జాబితా కూడా చదవండి. ఈ మూడింటిలో ఏది లేకపోయినా ఏజెంటు ఇచ్చే పాలసీ వద్దని చెప్పి, నాన్నగారికీ అమ్మగారికీ విడిగా కొనండి. టికెట్లు కొన్న వారంలోనే ఆ పని అయిపోవాలి.