బార్బర్, నియంత: ఇద్దరూ ఒక్కడే

ప్రశ్న: కాలేజీ వార్షికోత్సవానికి చాప్లిన్ ‘ది గ్రేట్ డిక్టేటర్’ (1940) దృశ్యాలు వేస్తున్నాం. రెండు పాత్రలకూ ఒక్కడే సరిపోతాడా? భూగోళం సీను ఎలా? – ఒక విద్యార్థి, బైరాగిపట్టెడ, తిరుపతి

జవాబు: నిశ్చింతగా సరిపోతాడు. సినిమాలో నియంత హింకెల్, యూదు బార్బర్ ఎక్కడా ఎదురుపడరు. మనుషులు తారుమారయ్యేది బట్టల వల్లే. బార్బర్ సైనిక యూనిఫాంలో నిర్బంధ శిబిరం నుంచి తప్పించుకుంటాడు. బాతుల వేటకెళ్లిన హింకెల్ యూనిఫాంలో లేక, బార్బరని పొరబడ్డ తన సైనికులకే దొరికిపోతాడు. కాబట్టి మీసం మార్చొద్దు, కోటు మారిస్తే చాలు. కోటుకు గుండీల బదులు వెల్క్రో కుట్టించండి, తెర వెనక తంటా ఉండదు.

హింకెల్ భూగోళం బెలూన్‌తో ఆడుకునే సీనుకు మూడడుగుల రబ్బరు బెలూన్ కొనండి. హీలియం వద్దు, పైకప్పుకు అతుక్కుంటుంది. మామూలు గాలే పంపుతో ముప్పాతిక వంతు నింపండి. నిండా బిగిస్తే మన ఎండకు ఆట మధ్యలోనే ఢాం! ఖండాలు ఊదాకే మార్కర్‌తో గీయండి, నూనె రంగులు రబ్బరును తినేస్తాయి. స్టేజీ ఫ్యాన్లు ఆపించండి, లేకపోతే ప్రపంచం ప్రేక్షకుల ఒళ్లో పడుతుంది. చివర పేల్చడానికి ఉంగరానికి గుండుసూది అతికించి, మొన అరచేతి వైపు ఉంచండి. అందుకే ఆ చేత్తో ముందు తట్టకూడదు.

హింకెల్ ప్రసంగానికి నిజం భాష అక్కర్లేదు, అర్థంలేని కరకు శబ్దాలు చాలు. అతను రెండు నిమిషాలు అరిస్తే అనువాదకుడు ఒక్క ముక్కలో చెప్పాలి. నవ్వంతా అక్కడే.