ఉరిశిక్ష పడింది, కానీ సాక్షి మొదట చెప్పిన పేరు వేరు

ప్రశ్న: హత్య కేసులో మా తమ్ముడికి సెషన్స్ కోర్టు పది రోజుల క్రితం ఉరిశిక్ష వేసింది. కళ్లారా చూశానన్న సాక్షి మొదట పోలీసులకు వేరే మనిషి పేరు చెప్పాడని ఊళ్లో అందరూ అంటున్నారు. లాయర్‌ను పెట్టుకునే స్తోమత లేదు. ఉరి ఎప్పుడు తీస్తారోనన్న టెన్షన్‌తో అమ్మ అన్నం ముట్టడం లేదు. రాష్ట్రపతికి క్షమాభిక్ష అర్జీ ఇప్పుడే పెట్టాలా?
– ఒక సోదరి, ప్రకాశం జిల్లా

జవాబు: ముందు అమ్మగారికి ధైర్యం చెప్పండి. సెషన్స్ కోర్టు వేసిన ఉరిశిక్ష హైకోర్టు ఖరారు చేసేదాకా అమలు కాదు. క్రిమినల్ కేసుల విచారణ పద్ధతి చెప్పే చట్టం బీఎన్ఎస్ఎస్ (భారతీయ నాగరిక్ సురక్షా సంహిత) సెక్షన్ 407 చెప్పేది అదే. అక్కడ కనీసం ఇద్దరు జడ్జీలు సాక్ష్యమంతా మళ్లీ మొదటి నుంచి చూస్తారు. అవసరమైతే అదనపు సాక్ష్యం కూడా తీసుకోవచ్చు.

ఈ ఖరారు కోసం కేసు రికార్డు హైకోర్టుకు ఎలాగూ వెళ్తుంది కదా అని ఊరుకోకండి. మీ తరఫున విడిగా అప్పీలు పడాలి. గడువు 30 రోజులు, అందులో పది అయిపోయాయి. ఆలస్యమైతే కారణం చూపి అడగొచ్చు గానీ, అంతదాకా తెచ్చుకోవడం ఎందుకు? జైల్లో ఉన్నవారికి ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా లాయర్‌ను ఇస్తారు. జిల్లా న్యాయసేవాధికార సంస్థకు వెళ్లండి. జైలు సూపరింటెండెంట్ ద్వారా కూడా అప్పీలు పంపించవచ్చు.

క్షమాభిక్షకు ఇప్పుడే తొందరపడకండి. అది కోర్టులన్నీ అయ్యాక చూసుకోవాల్సిన సంగతి. మీరు అడిగేది దయ కాదు, తీర్పు తప్పని కదా.

మీ కేసుకు ప్రాణం సాక్షి మొదటి వాంగ్మూలంలో ఉంది. మహారాష్ట్రలో 2003 నాటి ఒక కేసు చెబుతాను. దాడిలో ప్రాణాలతో బయటపడిన ఇల్లాలు పోలీసుల ఫోటో ఆల్బమ్ చూసి నలుగురిని గుర్తుపట్టింది. పోలీసులు వాళ్ల జోలికే పోలేదు. సంచార తెగలకు చెందిన వేరే ఆరుగురిపై కేసు నడిపారు. 2009లో సాక్షాత్తూ సుప్రీంకోర్టే ఆ ఆరుగురికీ ఉరి ఖాయం చేసింది. మళ్లీ అదే కోర్టు 2019లో అందరినీ నిర్దోషులని వదిలేసి, తలా 5 లక్షలు ఇవ్వమంది. పదహారేళ్ల జైలుకు అదీ లెక్క!

అందుకే ఊళ్లో అనుకునే మాటలు పక్కన పెట్టి కాగితాలు పట్టుకోండి. ఎఫ్ఐఆర్, పోలీసులు రాసుకున్న సాక్షి వాంగ్మూలాలు, గుర్తింపు పరేడ్ (నిందితుణ్ని పదిమందిలో నిలబెట్టి సాక్షిని గుర్తుపట్టమనడం) జరిగి ఉంటే దాని రిపోర్టు, కోర్టులో సాక్షి చెప్పినదాని నకలు తెచ్చి కొత్త లాయర్ చేతిలో పెట్టండి. మొదటి వాంగ్మూలం గురించి క్రాస్ ఎగ్జామినేషన్‌లో సాక్షిని అడిగారో లేదో ఆయన ముందుగా చూస్తారు. అడగకపోయి ఉంటే, సాక్షిని మళ్లీ పిలిపించమని హైకోర్టును కోరవచ్చు.

హైకోర్టులో ఓడినా సుప్రీంకోర్టు ఉంది. ఉరి కేసుల్లో అక్కడ, ఇచ్చిన తీర్పునే మళ్లీ చూడమని వేసే రివ్యూ పిటిషన్‌ను కూడా ముగ్గురు జడ్జీలు ఓపెన్ కోర్టులో వినాలని 2014లోనే తీర్పు వచ్చింది.

ఒక్క జాగ్రత్త. ఆ సాక్షి ఇంటికి మాత్రం మీరు గానీ, మీ వాళ్లు గానీ వెళ్లకండి, ఫోన్ కూడా చేయకండి. సాక్షిని బెదిరించారని ఇంకో కేసు మీ మెడకు చుట్టుకుంటుంది.