రంగస్థలం నుంచి కెమెరా వెనక్కి: విలియం డీటర్లె

ప్రశ్న: ‘ది హంచ్‌బ్యాక్ ఆఫ్ నోటర్‌డామ్’ (1939) తీసిన విలియం డీటర్లె మొదట జర్మనీలో నాటకాల నటుడని చదివాను. ఆ అలవాటు సినిమా దర్శకుడికి అడ్డం కాదా?

జవాబు: డీటర్లె విషయంలో అదే ఆయనకు పెట్టుబడి అయిందని నా అభిప్రాయం. 1893లో లుడ్విగ్స్‌హాఫెన్‌లో పుట్టిన ఆయన బెర్లిన్‌లో ప్రసిద్ధ నాటక దర్శకుడు మాక్స్ రైన్‌హార్ట్ దగ్గర రాటుదేలిన నటుడు. జర్మన్ దర్శకుడు మూర్నౌ తీసిన మూకీ చిత్రం ‘ఫౌస్ట్’ (1926)లో వాలెంటీన్ వేషం ఆయనదే. అంతకుముందే, 1923లో, తొలిసారి ఒక సినిమాకు దర్శకత్వం వహిస్తూ, అప్పటికింకా పేరు రాని నటి మార్లీన్ డీట్రిచ్‌కు అందులో వేషమిచ్చారు. 1930లో హాలీవుడ్ పిలిచింది మాత్రం అమెరికన్ టాకీలను జర్మన్ భాషలో తీయడానికి. డబ్బింగ్ ఇంకా కుదురుకోని ఆ రోజుల్లో ఒకే కథను వేరే భాష నటులతో మళ్లీ చిత్రీకరించేవారు.

వందలమంది జనాన్ని ఒకే ప్రాణిలా కదిలించడం రైన్‌హార్ట్ ప్రదర్శనల ప్రత్యేకత. మీరు పేర్కొన్న చిత్రంలో బిచ్చగాళ్ల మూక చర్చి మీదికి పోటెత్తే ఘట్టం చూడండి: ఆ శిక్షణ ఎక్కడిదో వెంటనే తెలుస్తుంది. 1935లో గురువుతో కలిసి షేక్‌స్పియర్ ‘ఎ మిడ్‌సమ్మర్ నైట్స్ డ్రీమ్’ను తెరకెక్కించింది కూడా ఈ శిష్యుడే.

అయితే ఆయన కేవలం రంగస్థలాన్ని తెరమీదికి మోసుకొచ్చినవారు కారు. 1937నాటి ‘ది లైఫ్ ఆఫ్ ఎమిల్ జోలా’ (ఫ్రెంచ్ రచయిత జోలా జీవితకథ)లో, సైనిక రహస్యాలు బయటికి చేరవేసిన నేరం ఎవరిమీద మోపాలా అని ఫ్రెంచ్ సైనికాధికారులు జాబితా తిరగేస్తుండగా, ఒక వేలు నిర్దోషి అయిన అధికారి డ్రేఫస్ పేరు దగ్గర ఆగుతుంది, పక్కన మతం ‘యూదుడు’ అని రాసి ఉంటుంది. ఆ మాటను చిత్రంలో ఎవరూ పలకరు. చివరి వరుస ప్రేక్షకుడికి కూడా వినబడేలా పలకడం నేర్చిన నటుడు, అసలు మాటను కంటికి మాత్రమే వదిలిపెట్టారు. నిర్మాతల జంకు వల్లనే ఆ మాట నోట రాలేదనే విమర్శ న్యాయమైనదే, కానీ ఆ ఒక్క షాట్ బలాన్ని నేను కాదనలేను. ఆ చిత్రానికి ఉత్తమ చిత్రంగా ఆస్కార్ వచ్చింది. దర్శకుడిగా ఆయనకు నామినేషన్‌తోనే సరిపోయింది.

యుద్ధానంతరం కొన్నేళ్లకు జర్మనీ తిరిగివెళ్లి, 1961 నుంచి 1965 వరకు, శిథిలమైన పాత మఠం చర్చిలో జరిగే బాట్ హెర్స్‌ఫెల్డ్ నాటకోత్సవాలను నడిపారు. 1972లో కన్నుమూశారు.