కెమెరా తీసేముందు కాసేపు కూర్చోండి

ప్రశ్న: మాది విజయవాడ, కృష్ణలంక. మనుషుల మధ్య అనుబంధాల మీద చిన్న డాక్యుమెంటరీ తీస్తున్నాను. సంతోషంగా ఉన్నారా అంటే అందరూ "బాగానే ఉన్నాం" అని ఊరుకుంటున్నారు. ఎలా మాట్లాడించాలి?
– ఒక పాఠకురాలు

జవాబు: అలా అడిగితే ఎవరైనా అదే చెబుతారమ్మా. అర్ధరాత్రి జ్వరమొస్తే ముందు ఎవరి తలుపు కొడతారు, ఈమధ్య ఎవరింట్లో భోంచేశారు అని అడిగి చూడండి, మనుషుల పేర్లు వస్తాయి, పేర్ల వెనకే కథలూ వస్తాయి. అమెరికా దర్శకుడు రోకో బెలిక్ తీసిన 'హ్యాపీ' (2011) కోల్‌కతాలో రిక్షా లాగే ఒకాయనతో మొదలవుతుంది, తప్పకుండా చూడండి. హార్వర్డ్‌లో 1938లో మొదలై ఇంకా సాగుతున్న అధ్యయనం కూడా దగ్గరి బంధాలున్నవాళ్లే ఎక్కువకాలం ఆరోగ్యంగా ఉంటున్నారని చెబుతోంది, కాబట్టి మీరు ఎంచుకున్నది చిన్న విషయమేం కాదు.

మొదట్లో కెమెరా లేకుండానే వెళ్లండి. బీసెంట్ రోడ్డు హోరులో ఇంటర్వ్యూ పెట్టుకోవద్దు, సాయంత్రం వాళ్ల ఇంటి మెట్ల మీదే కూర్చోండి, కాలర్ మైక్ ఒకటి కొనుక్కోండి. మాట మధ్యలో ఆగితే టెన్షన్ పడి ఇంకో ప్రశ్న వేయకండి, అసలు మాట చాలాసార్లు ఆ తర్వాతే వస్తుంది. ఎవరైనా ఏడిస్తే మాత్రం, ఆ ముక్క వాడేముందు వాళ్లకి చూపించి అడగండి. వద్దంటే ఎంత బాగా వచ్చినా తీసేయండి.