పొందూరు దూదితో సినిమా చేయబోతున్న మేనకోడలికి

శ్రీకాకుళం

చిరంజీవి అమ్మడికి పెద్దమావయ్య ఆశీస్సులతో వ్రాయునది.

నువ్వు ఉద్యోగానికి ఏడాది సెలవు పెట్టి, కెమెరా ముట్టకుండా, పొందూరు దూదినీ నూలుపోగులనూ 16 ఎం.ఎం. ఫిల్ముపై అంటించి సినిమా చేస్తావని మీ అమ్మ చెప్పినప్పటి నుంచి నాకు కంటిమీద కునుకు లేదు. జీతం లేని ఏడాది ఎలా గడుస్తుందన్న బెంగ ఒకవైపు, మన ఇంట్లో ఇటువంటి ఆలోచన పుట్టిందన్న గర్వం మరొకవైపు.

నీకు దారి చూపినవాడు అమెరికాలో ప్రయోగాత్మక సినిమాలు తీసిన స్టాన్ బ్రాకేజ్ అయి ఉంటాడు. 1963లో ఆయన చిమ్మటల రెక్కలను, ఆకులను, పూరేకులను రెండు పారదర్శకమైన టేపుల నడుమ పరిచి, దాన్నుంచి ప్రింటు, అంటే నకలు, తీయించి ‘మాత్‌లైట్’ అనే సినిమా చేశారు. దీపం కింద రాలితే మనం పొద్దున్నే ఊడ్చిపారేసే రెక్కలవి.

ఫ్యాను ఆపి పని చేసుకో. పత్తి గింజను అలాగే అంటిస్తే ప్రొజెక్టరులో ఇరుక్కుంటుంది కనుక పొట్టు మాత్రమే వాడు. అడుగు ఫిల్ముకు 40 ఫ్రేములు, సెకనుకు 24 ఫ్రేములు చొప్పున నడుస్తుంది కాబట్టి, నువ్వు గంటసేపు కూర్చుని అంటించిన జానెడు పోగు సెకనుంబావులో తెర దాటిపోతుంది. దానికి దిగులుపడకు.

అన్నిటికంటే ముఖ్యమైనది ఇప్పుడు చెబుతున్నాను. నేను వయసులో ఉన్నప్పుడు ఒక స్నేహితుడి దగ్గర కీ ఇచ్చే కెమెరా అరువు తెచ్చి, వంద అడుగుల రివర్సల్ రీలుతో, అంటే రెండు నిమిషాల నలభై అయిదు సెకన్లతో, మీ అమ్మమ్మను తీశాను. ఆవిడ అరుగుమీద కూర్చుని వాలుగ చేప దవడతో పత్తి దువ్వుతూ ఉంటే, ఆ సన్నని పళ్ళ నడుమ నుంచి పోగులు చక్కబడి గింజ చుట్టూ తెల్లగా విచ్చుకునేవి. అర నిమిషం లోపే స్ప్రింగు అయిపోయేది. నేను మళ్ళీ కీ తిప్పేదాకా ఆవిడ చేతులు ఆపి కూర్చుని, కెమెరా గిరగిరమనగానే తలెత్తి నన్నొకసారి చూసి, అప్పుడు పని మొదలుపెట్టేది. కెమెరా వైపు చూడడం తప్పని సినిమా తెలిసిన పెద్దమనిషి ఒకరు చెబితే నమ్మి, ఆ చూపులున్న ముక్కలన్నీ కత్తెరతో తీసేశాను. రివర్సల్‌లో కెమెరాలో తిరిగిన ఫిల్మే బొమ్మవుతుంది, వేరే నెగెటివు ఉండదు. ప్రింటు తీయించకుండానే కోసి, ఆ ముక్కలను నేనే ఊడ్చి పారబోశాను. ఆవిడ పోయాక రీలు వేసి చూస్తే చేతులున్నాయి, దూది ఉంది, ముఖం ఎక్కడా లేదు. ఇన్నేళ్ళయినా ఆ చీపురు చప్పుడు నన్ను వదలలేదు.

అందుకే ప్రింటు చేతికి వచ్చేదాకా అసలు ఫిల్మును ప్రొజెక్టరుకు ఎక్కించవద్దు, పనికిరాదనుకున్న ఏ ముక్కనూ పారేయవద్దు. ఈ రెండూ తప్పావంటే నేను ఊరుకోను. చేతకాకపోతే ఆ ముక్కలు నాకు పంపు, దాచడానికి నా బీరువాలో ఒక అర ఖాళీ చేశాను.

అమ్మమ్మ వాడిన దవడ ఎముక ఆ పక్క అరలోనే, ఆవిడ చీర ముక్కలో చుట్టి ఉంది. పళ్ళ మధ్య ఇంకా రెండు పోగులు చిక్కుకుని ఉన్నాయి. పండక్కి వచ్చినప్పుడు తీసుకువెళ్ళు. ఆ పోగులు ఫిల్ముపై ఎక్కడ పెట్టాలో నీ ఇష్టం.

మీ పెద్దమావయ్య