చిన్నపిల్లల మీద డాక్యుమెంటరీలు తీస్తానంటోంది, ఏం చేయమంటారు?

ప్రశ్న: మా అమ్మాయి బీఏ సైకాలజీ చివరి ఏడాది. బీఈడీ చేయమంటే వినడం లేదు. చిన్నపిల్లలను ఉన్నది ఉన్నట్టు చూపించే డాక్యుమెంటరీలు తీస్తానంటోంది. ఇది నిలబడే దారేనా? ఏ కోర్సులో చేర్పించాలి? – ఒక తండ్రి, కాకినాడ

జవాబు: మీ టెన్షన్ డబ్బు గురించే కాబట్టి ముందు అదే చెబుతాను. మన దేశంలో ఇలాంటి సినిమాలతోనే ఇల్లు గడుపుకునేవాళ్లు చాలా తక్కువ. ఎడిటింగో, కెమెరా పనో, పాఠాలు చెప్పడమో చేసుకుంటూ సొంత సినిమాను పక్కన నడుపుకుంటారు. అందుకే ఏ కోర్సులో చేరినా ఎడిటింగ్ గట్టిగా నేర్చుకోమనండి.

అంతకంటే ముందు తేల్చుకోవాల్సింది ఓపిక సంగతి. 1978లో హెర్ట్జ్ ఫ్రాంక్ అనే లాత్వియా దర్శకుడు బొమ్మలాట చూస్తున్న ఓ చిన్నబాబు మొహం మీద కెమెరా పెట్టించి, కట్ లేకుండా పది నిమిషాలు తీశారు. ఆట మనకు కనపడదు. భయం, ఏడుపు, సంబరం అన్నీ ఆ మొహం మీదే చూస్తాం. మీ అమ్మాయికి అది చూపించండి. మధ్యలో ఫోన్ తీస్తే బీఈడీ మాట మళ్లీ ఎత్తొచ్చు! మన మదనపల్లె దగ్గరి రిషి వ్యాలీ స్కూల్లో డేవిడ్ మెక్‌డూగల్ తీసిన సినిమాలు కూడా చూడమనండి.

అనుమతి విషయంలో మాత్రం ఇప్పటినుంచే కచ్చితంగా ఉండాలి. తల్లిదండ్రుల సంతకం, స్కూలు అనుమతి ఉంటే సరిపోదు. నాలుగేళ్ల పిల్ల ‘వద్దు’ అని నోటితో అనకపోవచ్చు. అమ్మ కొంగు చాటుకు పోతుంది, లేదా అటు తిరిగి కూర్చుంటుంది. అదే వద్దనడం. షాట్ ఎంత బాగున్నా కెమెరా దించేయాలి. బాలల సంరక్షణ గృహాల్లో తీయాలంటే ఇంకా జాగ్రత్త: 2015 నాటి జువెనైల్ జస్టిస్ చట్టం సెక్షన్ 74 ప్రకారం అక్కడి పిల్లలను గుర్తుపట్టేలా పేరు, ఫొటో, స్కూలు వివరాలు బయటపెట్టడం నేరం. పెద్దవాళ్లతోనూ ముందే అన్నీ మాట్లాడుకోవాలి. ఫ్రాన్స్‌లో ఒకే గది ఉన్న పల్లె బడి మీద నికోలా ఫిలిబేర్ తీసిన సినిమా 2002లో విడుదలై బాగా ఆడింది. ఆ తర్వాత అందులోని టీచరే తనకూ డబ్బు రావాలని కోర్టుకెక్కి ఓడిపోయారు.

చదువు విషయానికొస్తే, డిగ్రీ తర్వాత ఢిల్లీ జామియా మిలియాలో ఎంఏ మాస్ కమ్యూనికేషన్ నా మొదటి ఎంపిక. డాక్యుమెంటరీకి అక్కడ మంచి పేరుంది. ముంబయి టిస్‌ (టాటా ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ సోషల్ సైన్సెస్)లో మీడియా అండ్ కల్చరల్ స్టడీస్ కూడా మంచిదే. ప్రభుత్వ ఫిల్మ్ స్కూళ్లయిన పుణె ఎఫ్‌టీఐఐ, కోల్‌కతా ఎస్ఆర్ఎఫ్‌టీఐల్లో పోటీ ఎక్కువ. విదేశాలకు వెళ్లగలిగితే లిస్బన్, బుడాపెస్ట్, బ్రసెల్స్ నగరాల్లో సాగే డాక్‌నోమాడ్స్ అనే రెండేళ్ల డాక్యుమెంటరీ మాస్టర్స్ కోర్సు ఉంది, స్కాలర్‌షిప్‌లూ ఇస్తారు. సైకాలజీ చదివిన అమ్మాయికి ఇంటర్వ్యూల్లో చెప్పుకోవడానికి సొంత మాట ఉంటుంది కాబట్టి, ఆ డిగ్రీ వృథా అనుకోకండి.

దరఖాస్తు చేసేలోపు మీ వీధి అంగన్‌వాడీలో అనుమతి అడిగి, కొన్నాళ్లు కెమెరా లేకుండా కింద పిల్లల మధ్య కూర్చోమనండి. వాళ్లు ఆమెను పట్టించుకోవడం మానేశాక, ఓ పిల్ల ఉడికించిన గుడ్డు పెంకు తానే ఒలుచుకోవడం లాంటి చిన్న పని ఒక్కటే తీయాలి. ‘ఇటు చూడమ్మా’ అని పిలవకూడదు. తీసినది ఆ పిల్ల తల్లికి చూపించి, ఆమె సరేనన్నాకే దరఖాస్తుతో పంపాలి.