ప్రాచీన గ్రీకు నగల మీది సన్నని బంగారు గుండ్లను టంకం ముక్కలు లేకుండా ఎలా అతికించారు?

రాగి ఖనిజపు పొడిని జిగురులో కలిపి, దానితో గుండ్లను నగ బంగారు రేకు మీద అంటించి, కొలిమిలో వేడి చేసి అతికించేవారు. స్వచ్ఛమైన బంగారం 1064 డిగ్రీల సెల్సియస్ దగ్గర కరుగుతుంది, కానీ రాగి తగుపాళ్లలో కలిస్తే దాదాపు 900 డిగ్రీలకే కరుగుతుంది. వేడికి జిగురు మాడి బొగ్గవుతుంది. ఆ బొగ్గు ఖనిజంలోని ప్రాణవాయువును లాగేసుకోగా మిగిలిన రాగి, గుండూ రేకూ తాకిన చోట మాత్రమే బంగారంతో కలిసి కరిగి, రెండింటినీ ఒకటి చేస్తుంది, గుండు మాత్రం కరగదు. ఆ గుండ్లు తయారయ్యే తీరూ చక్కనిదే: బంగారు తీగ తునకలను బొగ్గుపొడిలో పొరలు పొరలుగా వేసి మూసలో కరిగిస్తే, తలతన్యత (ద్రవం తన ఉపరితలాన్ని వీలైనంత కుదించుకునే గుణం) వల్ల ప్రతి తునకా తనంతట తానే గుండ్రమవుతుంది.

క్రీట్ ద్వీపంలోని మాలియాలో దొరికిన తేనెటీగల పతకాన్ని చూడండి. గ్రీకులకు ముందటి మినోవన్లు క్రీ.పూ. 1800–1700 ప్రాంతంలో చేసిన ఆ నగలో, రెండు ఈగలు ఎదురెదురుగా వంగి పట్టుకున్న తేనెపట్టు బిళ్ల మీద గుండ్లు ఒత్తుగా, దేనికది విడిగా కనిపిస్తాయి. ఇప్పుడది హెరాక్లియన్ మ్యూజియంలో ఉంది.

ఇలాంటి నగలను అచ్చులో పోతపోశారనో, మామూలు టంకంతో అతికారనో చాలామంది అనుకుంటారు. ఇంత సన్నని గుండ్లు రేకును తాకే చోట అడుగున కనిపించే నీడగీత పోతలో నిలవదు. టంకం ఎక్కువైతే సందుల్లోకి పారి గుండ్లన్నిటినీ ముద్ద చేస్తుంది.